బ్రేక్ వచ్చేసరికి ఆమెకు 37 ఏళ్లు

మీ రెజ్యూమెలో గ్యాప్ ఎంత ఉంది? ఆరు నెలలా, ఏడాదా, రెండేళ్లా? రెండేళ్లు దాటిందంటే చాలు, ఇంటర్వ్యూ ముందురోజు రాత్రంతా ఆ ఒక్క ప్రశ్నకే జవాబు వెతుక్కుంటూ కూర్చుంటాం. అదే రోజు మన బ్యాచ్‌వాడు ఎవడైనా లింక్డిన్‌లో ఆఫర్ లెటర్ ఫొటో పెట్టాడంటే ఇక చెప్పక్కర్లేదు. అందుకే ఈసారి మీకు కోడింగ్ మనిషి కథ, స్టార్టప్ మనిషి కథ కాకుండా ఒక నటి కథ చెబుతాను. పేరు అన్నా మన్యానీ. ఇటలీ. (ఇంగ్లిష్ స్పెల్లింగ్ చూసి మాగ్నానీ అనకండి. ఇటాలియన్‌లో అక్కడ ‘గ’ పలకదు.)

ముందు లెక్కలు చూడండి. మొదటి సినిమా 26 ఏళ్లకు. దేశమంతా గుర్తుపట్టే పాత్ర 37 ఏళ్లకు. ఆస్కార్ 48 ఏళ్లకు. ఇది చూసి, ఓపిక పడితే అన్నీ అవే వస్తాయని చెప్పబోతున్నాను అనుకోకండి. ఓపిక పట్టినా ఏమీ రానివాళ్లు సినిమాల్లోనూ ఉన్నారు, మన హాస్టళ్లలోనూ ఉన్నారు. ఆమె జీవితంలో నన్ను ఆపి చదివించింది వేరే విషయం. ఆమె ‘కుదరదు’ అని చెప్పిన సందర్భాలు. వాటిలో కొన్ని ఆమెకు కలిసొచ్చాయి. ఒకటైతే గట్టిగానే దెబ్బకొట్టింది.

అమ్మమ్మ ఇల్లు, పాటల కొలువు

అన్నా 1908 మార్చి 7న పుట్టింది. తండ్రి ఎవరన్నది ఇంట్లో లేని సంగతి. ఇంటిపేరు తల్లి మరీనాదే. ఆ తల్లి కూడా బిడ్డను వదిలి ఈజిప్టులోని అలెగ్జాండ్రియాకు వెళ్లి అక్కడే స్థిరపడింది. అందుకే చాలామంది అన్నా కూడా అక్కడే పుట్టిందని రాశారు. ఆమె మాత్రం తనది రోమ్ అనే చెప్పుకుంది. పెంచింది అమ్మమ్మ. ఫ్రెంచ్ కాన్వెంట్‌లో చదువు, కాస్త పియానో, ఆ తర్వాత రోమ్‌లో ఎలియొనోరా డ్యూజ్ పేరుతో ఉన్న నటన స్కూల్లో శిక్షణ.

చదువైతే అయింది, మరి తిండి? నైట్‌క్లబ్బుల్లో పాడేది. రోమ్ వీధుల్లో జనం పాడుకునే పాటలు, ఆ యాసలోనే. నాటక బృందాల్లో చిన్నాచితకా వేషాలు వేసేది. డిగ్రీ ఒకటి, చేస్తున్న పని ఇంకొకటి అన్న పరిస్థితి మీకు కొత్తగా వివరించాల్సిన పని లేదు కదా.

సినిమా దర్శకుడు గోఫ్రెడో అలెస్సాండ్రీనీని పెళ్లి చేసుకుంది. భర్త డైరెక్టర్ కాబట్టి హీరోయిన్ అయిపోయిందనుకుంటారేమో. లేదు. ఆమె స్టేజీకి సరిపోతుంది కానీ సినిమాకు కాదన్నది స్వయానా ఆయన అభిప్రాయం. 1934లో ‘సొరెంటో గుడ్డి అమ్మాయి’ అనే సినిమాతో తెరమీదికి వచ్చినా, తర్వాత పదేళ్లూ ఎక్కువగా గాయని, పనిమనిషి, కథలో రెండు సీన్లకు వచ్చిపోయే ఆడమనిషి పాత్రలే.

కారణం తెలియాలంటే అప్పటి మార్కెట్ తెలియాలి. ముస్సోలినీ రోజులవి. 1937లో రోమ్ శివార్లలో చినెచిత్తా అనే భారీ స్టూడియో తెరిచారు. అక్కడ తయారయ్యే సినిమాల్లో ఒక రకానికి ‘తెల్ల టెలిఫోన్’ సినిమాలని పేరు పడింది. డబ్బున్న ఇల్లు, మెరిసే ఫర్నిచర్, ఆ ఇంట్లో తెల్లటి టెలిఫోన్, దాని పక్కన హాలీవుడ్ అమ్మాయిలా తీర్చిదిద్దిన హీరోయిన్. మన్యానీ పొట్టి మనిషి. చిక్కుపడినట్టుండే నల్ల జుట్టు, కళ్ల కింద నల్లటి వలయాలు, బొంగురు గొంతు, రోమ్ గల్లీ యాస. జాబ్ డిస్క్రిప్షన్‌లో అడిగిందేదీ ఆమె దగ్గర లేదు. ఆమె దగ్గరున్నదాన్ని ఎవరూ అడగలేదు.

1941లో విటోరియో డిసికా తన ‘తెరెసా వెనెర్దీ’లో ఆమెకు నాటకాల్లో పాడే అమ్మాయి వేషం ఇచ్చాడు. చిన్నదే కానీ చూసినవాళ్లు మర్చిపోలేదు. ‘బైసికిల్ థీవ్స్’ తీసిన డిసికానే.

నిజానికి ఆ కాలంలో ఆమె అసలు కొలువు సినిమా కాదు, రంగస్థలం. యుద్ధం నడుస్తున్న రోజుల్లో, పాటలు, స్కిట్లు, వెటకారం కలిపిన ‘రివ్యూ’ అనే ప్రదర్శనల్లో తొతో అనే మహా హాస్యనటుడి పక్కన ఆడేది. రోజూ సాయంత్రం ఎదురుగా జనం. జోక్ పేలకపోతే ఆ క్షణమే తెలిసిపోతుంది. రెండో టేక్ ఉండదు. నా ఉద్దేశంలో ఆ నాలుగేళ్లే ఆమె అసలు ట్రైనింగ్. ఒక మాట మీద నవ్వించి, నవ్వు ఆగకముందే ఏడిపించే ఆ స్పీడ్ తర్వాతి ప్రతి సినిమాలోనూ కనిపిస్తుంది. అనుభవ పత్రంలో మాత్రం అది ‘సంబంధం లేని రంగం’ కిందే వచ్చేది.

1942లో ఇంకో దెబ్బ. అప్పుడే దర్శకుడవుతున్న లుకీనో విస్కోంటీ తన మొదటి సినిమా ‘ఒసెస్సియోనే’కు ఆమెనే అనుకున్నాడు. అప్పటికి ఆమె గర్భవతి. పాత్ర వేరొకరికి వెళ్లింది. అక్టోబర్‌లో కొడుకు లూకా పుట్టాడు. తండ్రి, నటుడు మాస్సిమో సెరాతో, పక్కన నిలవలేదు. పిల్లాడికి తన ఇంటిపేరే పెట్టింది, తన తల్లి తనకు పెట్టినట్టు. ఏడాదిన్నర వయసులో వాడికి పోలియో సోకింది. కాళ్లు చచ్చుబడ్డాయి. పోలియో టీకా రావడానికి ఇంకా పదేళ్లకు పైనే ఉంది. స్విట్జర్లాండ్‌లో వైద్యం, చదువు. ఆ ఖర్చు మొత్తం ఆమెదే. అక్కడి నుంచి ఆమె ఒప్పుకున్న ప్రతి పనినీ, అడిగిన ప్రతి పైసానీ ఈ విషయం గుర్తుపెట్టుకుని చూడండి.

ట్రక్కు వెనక పరుగు

1944 జూన్ 4న రోమ్ నాజీల చేతుల్లోంచి బయటపడింది. కొన్ని నెలలకే, ఉత్తర ఇటలీలో యుద్ధం ఇంకా నడుస్తుండగానే, రొబెర్తో రోసెల్లినీ అనే దర్శకుడు ఆ ఆక్రమణ రోజుల మీద సినిమా మొదలుపెట్టాడు. చినెచిత్తాలో శరణార్థులున్నారు కాబట్టి స్టూడియో లేదు. ఫిల్మ్ దొరకడం కష్టం. డబ్బు మధ్యమధ్యలో అయిపోయేది. షూటింగ్‌లో మాటలు రికార్డు చేసే వీల్లేక తర్వాత డబ్బింగ్‌లో కలిపారు. అదే ‘రోమ్, ఓపెన్ సిటీ’.

ఇందులో ఆమెది పీనా అనే విధవరాలి పాత్ర. అప్పటికే ఒక కొడుకు, కడుపులో ఇంకో బిడ్డ, మర్నాడు పెళ్లి. ఆ వేషానికి పిలిచినప్పుడు ఆమె అడిగింది ఒక్కటే: తోటి నటుడు ఆల్దో ఫబ్రిజీకి ఎంతిస్తారో నాకూ అంతే ఇవ్వాలి. పదేళ్లుగా చిన్న వేషాలేస్తున్న నటి, డబ్బుల్లేని సినిమా, చేతిలో జబ్బుపడిన పిల్లాడు. మనలో చాలామంది, ఎంతిస్తే అంత తీసుకుందాం, ముందు లోపలికి దూరితే చాలు అనుకునే చోట ఆమె బేరం ఆడింది. పాత్ర చేజారిపోయే అవకాశం నిజంగానే ఉంది. పోలేదు.

సినిమాలో పెళ్లిరోజు పొద్దున్నే జర్మన్ సైనికులు ఆ అపార్ట్‌మెంట్‌ను చుట్టుముడతారు. పెళ్లికొడుకు ఫ్రాంచెస్కోని ట్రక్కెక్కిస్తారు. పీనా సైనికుల చేతులు విదిలించుకుని, అతని పేరు అరుస్తూ ట్రక్కు వెనక పరుగెడుతుంది. తుపాకీ పేలుతుంది. నడిరోడ్డు మీద పడిపోతుంది. కొడుకు వచ్చి మీద పడి ఏడుస్తాడు. ఇంకా సగం సినిమా మిగిలి ఉంది, ఆమె పాత్ర మాత్రం అక్కడితో సరి. ఆ సీన్ తీసింది రోమ్‌లోని మోంతెకూక్కొలి వీధిలో. కల్పన కూడా కాదు. 1944 మార్చి 3న తెరెసా గుల్లాచే అనే గర్భవతిని, పట్టుబడిన భర్తను చూడ్డానికి బ్యారక్స్ దగ్గరికి వెళ్తే, అక్కడే కాల్చి చంపారు. రోమ్ జనానికి ఆ సంగతి ఏడాది కిందటి గాయం.

ఈ సీన్ యూట్యూబ్‌లో వెతికి చూడండి. తెల్ల టెలిఫోన్ సినిమాల హీరోయిన్‌ను ఆ రోడ్డు మీద ఊహించుకోండి. కుదరదు. పదేళ్ల పాటు లోపాలుగా లెక్కేసినవన్నీ, ఆ జుట్టు, ఆ గొంతు, ఆ యాస, ఇక్కడ అక్షరాలా అర్హతలయ్యాయి. ఆమె మారలేదు. అడిగేవాళ్లు మారారు. దాన్ని అదృష్టం అనొచ్చు, నేను కాదనను. కాకపోతే ఆ రోజుకి ఆమె నటనలో పదిహేనేళ్ల పని ఉంది.

1946లో కాన్‌లో ఆ సినిమా బహుమతి గెలుచుకుంది. 1952లో మన దేశంలో జరిగిన మొట్టమొదటి అంతర్జాతీయ చలనచిత్రోత్సవంలో కూడా చూపించారు. ఆ ఉత్సవం బొంబాయితో ఆగకుండా మద్రాసుకూ వెళ్లింది. అప్పటికి తెలుగు సినిమా అడ్రస్ మద్రాసే కదా.

తర్వాతవి గబగబా చెప్పేస్తాను. 1947లో ‘లొనొరెవొలె ఆంజెలీనా’లో బస్తీ ఆడవాళ్లను కూడగట్టి పోరాడే ఇల్లాలు. దానికి వెనిస్‌లో ఉత్తమ నటి అవార్డు. 1948లో రోసెల్లినీ తీసిన ‘మిరాకిల్’ను న్యూయార్క్‌లో మతాన్ని కించపరిచిందని ఆపేస్తే, కేసు అమెరికా సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. సినిమాకూ భావప్రకటనా స్వేచ్ఛ వర్తిస్తుందని 1952లో తీర్పొచ్చింది. లా చదివేవాళ్లు బర్స్టిన్ వర్సెస్ విల్సన్ అని వెతకండి. ఈలోపు ఆమెతో సహజీవనం చేస్తున్న రోసెల్లినీ ఇంగ్రిడ్ బెర్గ్‌మన్ కోసం వెళ్లిపోయాడు. పేపర్లు నెలల తరబడి పండగ చేసుకున్నాయి. అంతకన్నా ఆ విషయంలో చెప్పుకోవాల్సిందేమీ లేదు.

50 వేల లీరాల రికమెండేషన్

ఉద్యోగం వెతుక్కునేవాళ్లు ఆమె సినిమాల్లో ఒక్కటే చూడగలిగితే ‘బెల్లిస్సిమా’ చూడమంటాను. 1951. దర్శకుడు విస్కోంటీ, ఒకప్పుడు ఆమెను తీసుకోలేకపోయిన అదే విస్కోంటీ. ఇందులో ఆమె పేరు మద్దలేనా. ఇంటింటికీ తిరిగి ఇంజెక్షన్లు వేస్తూ నాలుగు డబ్బులు సంపాదిస్తుంటుంది. చినెచిత్తాలో ఒక సినిమాకు చిన్న పాప కావాలని ప్రకటన వస్తే తన కూతుర్ని తీసుకెళ్తుంది. అక్కడ వందలమంది తల్లులు, వందలమంది పాపలు. వాక్-ఇన్‌కు వెళ్లిన ప్రతివాళ్లకూ ఆ గేటు ముందు గుంపు తెలిసిందే.

ఇక మొదలవుతుంది ఖర్చు. పాపకు డాన్స్ క్లాసు, నటన క్లాసు, ఫొటోలు, కొత్త గౌను. తర్వాత స్టూడియోలో తిరిగే ఒక కుర్రాడు తగులుతాడు. లోపల మనవాళ్లున్నారు, తగిన చోట తగినంత పెడితే పని అవుతుందంటాడు. ఆమె దాచుకున్న 50 వేల లీరాలు ఇచ్చేస్తుంది. వాడు దాంతో తన కోసం లాంబ్రెట్టా స్కూటర్ కొనుక్కుంటాడు. డబ్బు కడితే ఆఫర్ లెటర్ గ్యారంటీ అని ఫోన్ చేసే గొంతులు మీరూ విని ఉంటారు. 70 ఏళ్లు దాటినా స్క్రిప్ట్ మారలేదు.

నాకు బాగా గుర్తుండిపోయిన సీన్ ఇంకోటి ఉంది. ఎడిటింగ్ గదిలో పనిచేసే ఒక అమ్మాయి మద్దలేనాకు చెబుతుంది, తను కూడా ఒకప్పుడు ఒకటి రెండు సినిమాల్లో నటించానని, ముఖం కావాల్సి వచ్చి తీసుకున్నారని, తర్వాత పిలవలేదని, ఇప్పుడు ఈ పని చేసుకుంటున్నానని. ఏడుపు లేదు, ఫిర్యాదు లేదు. ఆ మాటలు వింటున్న మన్యానీ ముఖం చూడండి చాలు.

ఆ తర్వాత ప్రొజెక్షన్ గదిలోంచి దొంగచాటుగా మద్దలేనా పాప స్క్రీన్ టెస్ట్ చూస్తుంది. తెరమీద పాప ఏడుస్తుంటే కింద కూర్చున్న సినిమావాళ్లు పడిపడి నవ్వుతారు. చివరికి ఆ పాపనే ఎంచుకుని కాంట్రాక్టు పట్టుకుని ఇంటికొస్తారు. పేదింటికి అది ఎంత డబ్బో ఆలోచించండి. సంతకం పెట్టనంటుంది. ఒక ఆఫర్‌కు ‘వద్దు’ అనడానికి ఎంత ఖర్చవుతుందో అంత వివరంగా చూపించిన సినిమా నేను ఇంకోటి చూడలేదు.

బ్రాడ్‌వేకి నో, హాలీవుడ్‌కి ఎస్

అమెరికన్ నాటక రచయిత టెనెసీ విలియమ్స్ ఆమెను దృష్టిలో పెట్టుకుని ‘ది రోజ్ టాటూ’ రాశాడు. అమెరికా తీరంలో బతికే సిసిలీ కుట్టుపని ఆవిడ సెరఫీనా కథ. 1951లో బ్రాడ్‌వేలో ఆ పాత్ర వెయ్యమని అడిగారు. ప్రపంచంలో ఏ నటి అయినా ఎగిరి గంతేసే ఆఫర్. ఆమె వద్దంది. కారణం ఇంగ్లిష్. ప్రతి రాత్రీ స్టేజీ మీద మూడు గంటలు ఇంగ్లిష్‌లో నిలబడేంత పట్టు తనకు లేదని ఆమెకు తెలుసు. ఆ పాత్ర మౌరీన్ స్టేపుల్టన్ వేసింది, టోనీ అవార్డు కూడా గెలిచింది.

ఇక్కడ ఒక్క క్షణం ఆగండి. మన దగ్గర ఇంగ్లిష్ భయం రెండు రకాలుగా ముగుస్తుంది. వస్తుందని రెజ్యూమెలో రాసేసి ఇంటర్వ్యూలో తడబడటం, లేదంటే రాదని అప్లై చెయ్యడమే మానేయడం. ఆమె మూడో దారి పట్టింది. 1952లో ఫ్రెంచ్ దర్శకుడు జాఁ రెన్వార్ ‘ది గోల్డెన్ కోచ్’ను ఇంగ్లిష్‌లో తీస్తే అందులో ప్రధాన పాత్ర వేసింది. సినిమాలో తప్పు పోతే ఇంకో టేక్ ఉంటుంది. స్టేజీ మీద ఉండదు. రోజ్ టాటూను సినిమాగా తీసేటప్పుడు విలియమ్స్ మళ్లీ ఆమెనే అడిగితే, ఈసారి ఒప్పుకుంది. ఫ్లోరిడాలోని కీ వెస్ట్‌లో షూటింగ్, పక్కన బర్ట్ లాంకాస్టర్. ఆమె ఇంగ్లిష్‌లో ఇటాలియన్ యాస గట్టిగానే వినిపిస్తుంది. సెరఫీనా అలాగే మాట్లాడుతుంది మరి.

1956 మార్చి 21న ఆస్కార్. పోటీలో కాథరిన్ హెప్‌బర్న్, సుసాన్ హేవర్డ్, జెన్నిఫర్ జోన్స్, ఎలినార్ పార్కర్. గెలిచింది మన్యానీ. నటనకు ఆస్కార్ అందుకున్న మొదటి ఇటాలియన్ ఆమే. వేడుకకు వెళ్లలేదు, రోమ్‌లోనే ఉంది. సినిమాలో ఆమె కూతురిగా వేసిన మరీసా పవాన్ అందుకుంది.

చేజారిన పాత్ర

ఆస్కార్ తర్వాత దారి సాఫీ అయ్యుంటుందనుకుంటాం. రెండేళ్లకు ‘వైల్డ్ ఈజ్ ది విండ్’కు మళ్లీ నామినేషన్, బెర్లిన్‌లో ఉత్తమ నటి బహుమతి వచ్చిన మాట నిజమే. 1960లో మార్లన్ బ్రాండో పక్కన ‘ది ఫ్యుజిటివ్ కైండ్’ వచ్చింది, ఆడలేదు. ఇటలీలో చూస్తే సోఫియా లోరెన్ రోజులు మొదలయ్యాయి.

అప్పుడొచ్చింది ‘లా చొచారా’. యుద్ధకాలంలో కూతుర్ని కాపాడుకోవాలని చూసే తల్లి కథ. మొదటి ప్లాన్‌లో తల్లి మన్యానీ, కూతురు లోరెన్. వయసులు సరిగ్గానే ఉన్నాయి, 52, 26. మన్యానీ ఒప్పుకోలేదు. లోరెన్‌కు తల్లిగా కనిపించడం ఆమెకు ఇష్టం లేదు. దాంతో కూతురి వయసు తగ్గించి, తల్లి పాత్ర లోరెన్‌కే ఇచ్చారు. డిసికా దర్శకుడు. ఆ పాత్రకు లోరెన్‌కు ఆస్కార్ వచ్చింది, ఇంగ్లిష్ కాని భాషలో నటించి గెలిచిన మొదటి ఆస్కార్ అది.

ఈ ‘వద్దు’ను ఎలా చూడాలి? సమాన పారితోషికం అడిగినప్పుడు ఆమె తన పనికి విలువ కట్టుకుంది. బ్రాడ్‌వేకి కాదన్నప్పుడు తన లోటు తాను లెక్కేసుకుంది. ఇక్కడ మాత్రం పాత్రను కాకుండా పక్కన నిలబడే మనిషిని చూసి నిర్ణయించుకుంది అనిపిస్తుంది నాకు. అయితే అందులో ఆమె బాధ కూడా నాకు అర్థమవుతుంది. హీరో 50 దాటినా హీరోనే, హీరోయిన్ 50 దాటితే అమ్మ. ఆ గీత దాటడానికి ఆమె సిద్ధంగా లేదు. రెండేళ్లు తిరక్కుండానే 1962లో పసోలినీ ‘మమ్మా రోమా’లో టీనేజ్ కొడుక్కి తల్లిగానే కనిపించింది, ఈసారి సినిమా మొత్తం ఆమెదే.

అందులో ఒకప్పుడు ఒళ్లమ్ముకుని బతికిన ఆవిడ, కూరగాయల బండి పెట్టుకుని కొడుకుని గౌరవంగా బతికించాలని చూస్తుంది. ఉద్యోగం ఇవ్వమని ఎవరిని అడిగినా, కుర్రాడికి చదువు లేదు, పని రాదు అంటారు. చివరికి ఒక హోటల్ యజమానిని ఇరకాటంలో పెట్టి, బెదిరించి మరీ వెయిటర్ పని ఇప్పిస్తుంది. బల్లల మధ్య ట్రే పట్టుకుని తిరుగుతున్న కొడుకుని దూరం నుంచి చూస్తూ ఏడుస్తుంది. వాడు ఆ పని నాలుగు రోజులు కూడా నిలుపుకోడు. ఇంట్లోవాళ్ల కోసం ఎక్కడో చేరినవాళ్లకు ఆ సీన్ ఇబ్బందిగానే ఉంటుంది, చెబుతున్నాను.

ఆ తర్వాత సినిమాలు తగ్గాయి. ఆమె ఖాళీగా కూర్చోలేదు. 1965లో జెఫిరెల్లి దర్శకత్వంలో ‘లా లూపా’తో మళ్లీ స్టేజీ ఎక్కింది, మరుసటేడు ‘మెదేయా’. 1971లో టీవీకి వచ్చింది. పెద్దతెర నటులు టీవీని చిన్నచూపు చూసే రోజుల్లో వరసగా టీవీ సినిమాల్లో నటించింది.

చివరిసారి తెరమీద కనిపించింది 1972లో, ఫెల్లినీ తీసిన ‘రోమా’లో. అర్ధరాత్రి తన ఇంటి తలుపు దగ్గర ఉంటుంది. కెమెరా వెనక నుంచి ఫెల్లినీ, ఈ నగరానికి ప్రతీక ఈమే అన్నట్టు పెద్ద పెద్ద మాటలు మొదలుపెడతాడు. ఆమె నవ్వి, నిన్ను నమ్మలేనులే, వెళ్లి పడుకో అన్నట్టు చెప్పి తలుపేసుకుంటుంది. ఒక నిమిషం కూడా ఉండదు.

1973 సెప్టెంబర్ 26న క్లోమ క్యాన్సర్‌తో రోమ్‌లో చనిపోయింది. వయసు 65. ఆఖరి రోజుల్లో పక్కన ఉన్నది కొడుకు లూకా, ఎప్పుడో వదిలివెళ్లి తిరిగి స్నేహితుడైన రోసెల్లినీ. లూకా తర్వాత ఆర్కిటెక్ట్ అయ్యాడు. అంత్యక్రియలకు రోమ్ జనం చర్చి ముందు వీధులు నిండిపోయేలా వచ్చారు. శవపేటిక బయటికి రాగానే, నాటకం అయ్యాక కొట్టినట్టు చప్పట్లు కొట్టారు. మొదట రోసెల్లినీ కుటుంబ సమాధిలో ఉంచారు. ఇప్పుడు ఆమె సమాధి రోమ్‌కు దక్షిణాన సముద్రం ఒడ్డునున్న సాన్ ఫెలీచె చిర్చేయోలో ఉంది.